కల్వర్టు గట్టు

మా అక్కయ్య కూతురు సినిమాలు తీస్తుంది. ఈ మాట చెప్పగానే అందరూ "ఏ హీరోతో?" అని అడుగుతారు. హీరో లేడండీ, హీరోయినూ లేదు. పాటలూ ఫైటింగులూ అసలే లేవు. అది తీసేవి డాక్యుమెంటరీలు. మన చిన్నప్పుడు సినిమా హాల్లో అసలు బొమ్మకి ముందు న్యూస్‌రీలు వేసేవాళ్ళు, గుర్తుందా? వరదలూ, ఆనకట్టలూ, మంత్రిగారు రిబ్బను కత్తిరించడమూ. అది అయ్యేలోపల మగవాళ్ళు బయట సోడా తాగి వచ్చేవారు, అమ్మావాళ్ళు చంటిపిల్లల్ని జోకొట్టేసేవారు. నా మటుకు నాకు డాక్యుమెంటరీ అంటే అదే.

పోయిన వేసవిలో అది నెల రోజులు మా ఇంట్లో మకాం పెట్టింది. "నగరాల గురించి తీస్తున్నాను పిన్నీ. అంటే రోడ్లూ, మేడలూ కాదు. వాటి మధ్య మనుషులు ఎలా బతుకుతున్నారో, అది" అంది.

"దానికి మా వీధే దొరికిందిటే? ఏ బొంబాయో, ఢిల్లీయో వెళ్ళక?" అన్నాను.

నవ్వి ఊరుకుంది. పొద్దున్నే కాఫీ తాగి వరండాలో కుర్చీ వేసుకుని కూర్చునేది. కెమెరా తీసేది కాదు. ఊరికే వీధికేసి చూస్తూ కాగితం మీద గీతలు పెట్టుకునేది. మా వారు రెండు రోజులు చూసి నన్ను వంటింట్లోకి పిలిచి, "ఏమైనా సంబంధం తప్పిపోయిందా దీనికి? అలా దిగాలుగా కూర్చుంటుందేమిటి?" అన్నారు. అడిగితే, "ఎవరు ఎక్కడ ఆగుతున్నారో లెక్క పెడుతున్నా" అంది. ఆగడం లెక్క పెట్టడం ఏమిటో నాకు బోధపడలేదు. ఆ రాత్రి భోజనాలయ్యాక ల్యాప్‌టాప్‌లో ఒక పాత సినిమా పెట్టి చూపించింది.

అది 1980లో వచ్చిన అమెరికా సినిమా. పేరు ది సోషల్ లైఫ్ ఆఫ్ స్మాల్ అర్బన్ స్పేసెస్. నగరంలో చిన్న చిన్న ఖాళీ జాగాల్లో మనుషుల కాలక్షేపం అనుకోండి. తీసినాయన విలియం వైట్. కథ ఏమిటంటే, న్యూయార్కులో 1961లో ఒక నిబంధన పెట్టారు. మేడ కట్టేవాళ్ళు ముందు కాస్త స్థలం జనం కోసం వదిలితే, దానికి బదులు పైన కొంత ఎక్కువ కట్టుకోవచ్చు. అందరూ వదిలారు. కానీ కొన్ని జాగాలు మధ్యాహ్నం అయ్యేసరికి తిరునాళ్ళలా ఉంటే, కొన్ని ఎప్పుడు చూసినా బావురుమంటూ ఉండేవి. ఎందుకని? వైట్ తన మనుషులతో మేడల మీద కెమెరాలు పెట్టి, కిందికి దిగి నోటు పుస్తకాలు పట్టుకుని, ఏళ్ళ తరబడి చూశాడు.

ఏం తేలిందో తెలుసా? జనం ఎక్కడ కూర్చోవడానికి చోటుంటే అక్కడ కూర్చుంటారట! ఈ మాట చెప్పడానికి అంత పరిశోధన కావాలా అని నేనూ నవ్వాను. కానీ ఆ సంగతి పెద్ద పెద్ద ఆర్కిటెక్టులకి తట్టలేదు. అందమైన చలవరాతి గట్లు కట్టి, వాటి మీద ఎవరూ కూర్చోకుండా ఇనప మేకులు దిగ్గొట్టిన మహానుభావులు కూడా ఉన్నారు. చివరికి 1975లో ఆ ఊరి నిబంధన మార్చారు. ప్రతి 30 చదరపు అడుగుల జాగాకి ఒక అడుగు పొడవున కూర్చునే చోటు ఉండి తీరాలన్నారు.

ఇంకో తమాషా సంగతి. విడి కుర్చీలు వేసి ఉంచితే, వచ్చిన మనిషి కూర్చోబోయే ముందు కుర్చీని ఓ రెండంగుళాలు జరుపుతాడు. ఎండ కోసం కాదు, నీడ కోసం కాదు. ఊరికే. ఇది నాది అనుకోవడానికి. పెళ్ళి పందిట్లో మనం చేసే పని అదే కదూ?

అన్నిటికన్నా నాకు నచ్చిన మాట ఆడవాళ్ళ గురించి. ఒక జాగా బాగుందో లేదో తెలియాలంటే అక్కడ ఆడవాళ్ళు ఎందరు కూర్చున్నారో చూడమంటాడు. మనం ఎక్కడ పడితే అక్కడ కూర్చోం. వెనక ఏముంది, పక్కన ఎవరు, పిలిస్తే పలికేవాళ్ళున్నారా అని మనకి తెలియకుండానే చూసుకుంటాం. ఆడవాళ్ళు తగ్గిపోయారంటే ఆ చోటులో ఏదో లోపం ఉందన్నమాట. మరి తిండి అమ్మే బండివాళ్ళో? వాళ్ళుంటేనే జనం వస్తారు, జనం ఉంటేనే మరింత జనం వస్తారు అంటాడు. ఏ ఊళ్ళో అయినా అధికారులు ముందుగా తరిమేది మాత్రం ఆ బండివాళ్ళనే.

సినిమా అయిపోయాక మా పిల్ల తన కాగితం తీసింది. "పిన్నీ, మీ వీధిలో ఎవరూ ఎక్కడా ఆగడం లేదు. అందులోనూ ఆడవాళ్ళు బొత్తిగా ఆగడం లేదు. వస్తున్నారు, పోతున్నారు. ఎందుకని?"

"ఎండలు కదే" అన్నాను.

ఎండలు కాదు. ఎందుకో నాకు తెలుసు.

మా వీధి మలుపులో మురుగుకాలవ మీద ఒక కల్వర్టు ఉంది. రెండు పక్కలా మోకాలెత్తు గట్టు, పైన కానుగ చెట్టు నీడ. ఆ గట్టు పక్కన పన్నెండేళ్ళ పాటు ఆకుకూరలావిడ గంప పెట్టుకు కూర్చునేది. కాస్త అవతల ఇస్త్రీ బండి. సాయంత్రాలు మొక్కజొన్న పొత్తులు కాల్చే కుర్రాడు. తోటకూర కోసం వెళ్ళిన మనం గట్టు మీద "ఒక్క నిమిషం" కూర్చునేవాళ్ళం. ఆ నిమిషం అరగంట అయ్యేది. ఎవరి కోడలు నీళ్ళోసుకుంది, ఎవరింట్లో అద్దెకి వాటా ఖాళీ అయింది, ఏ మాస్టారు లెక్కలు బాగా చెబుతాడు, ఈ సమాచారమంతా అక్కడే. రాత్రి ఎనిమిదింటికి ట్యూషన్ నుంచి వచ్చే ఆడపిల్లల్ని ఆవిడ పేరుపేరునా పలకరించేది. "ఇంత ఆలస్యమయిందేం పాపా? అమ్మ చూసుకుంటా ఉంటది, పో" అనేది. జేన్ జేకబ్స్ అనే అమెరికా ఆవిడ 1961లోనే నగరాల మీద ఒక పుస్తకం రాసి, వీధికి కాపలా అంటే వీధిని గమనించే మామూలు మనుషుల కళ్ళే అంటూ వాదించిందట. మా వీధికి ఆ కళ్ళు ఆకుకూరలావిడవి.

రెండేళ్ళ క్రితం ఒక పొద్దున కాలనీ సంఘం సెక్రటరీగారు కాగితం పట్టుకొచ్చారు. కాలనీ సుందరీకరణ. మలుపులో అవాంఛనీయ వ్యక్తులు గుమిగూడుతున్నారనీ, చెత్త పేరుకుపోతోందనీ, రాకపోకలకి అంతరాయంగా ఉందనీ, తొలగించవలసిందనీ అందులో రాసి ఉంది. అప్పటికి పదముగ్గురు సంతకాలు పెట్టారు. పొయ్యి మీద కుక్కరు కూత పెడుతోంది. కొంగుతో చెయ్యి తుడుచుకుని పధ్నాలుగో సంతకం పెట్టేశాను.

కుక్కరు వంకే చెబితే అబద్ధమవుతుంది. కాడలూ, కుళ్ళిన ఆకులూ మా గేటు దాకా కొట్టుకొస్తున్నాయని నాకు విసుగ్గానే ఉండేది. మా అబ్బాయి కారు కొన్నాక ఆ మలుపు తిప్పడం కష్టమైంది. పైగా అమెరికా నుంచి వచ్చే మా చిన్నకోడలు ముందు వీధి శుభ్రంగా కనబడాలని ఒక దుగ్ధ. అవాంఛనీయ వ్యక్తులు అన్న మాట చదివినప్పుడు నాకు ఆకుకూరలావిడ మొహం గుర్తు రాలేదు. ఆ మాటల గొప్పతనమే అది. మొహం గుర్తు రానివ్వవు.

వారం తిరక్కుండా ఓ పొద్దున వ్యాను వచ్చింది. గంపా, గోనెపట్టా, తూకం రాళ్ళూ ఎత్తుకుపోయారు. గట్టు పొడవునా మొనలు దేరిన ఇనప ఊచలు పాతారు. పక్కన పూలకుండీలు పెట్టారు. నేను ఫోనులో ఫోటో తీసి మా చిన్నవాడికి పంపించాను కూడా. నెల తిరిగేసరికి నీళ్ళు పోసేవాళ్ళు లేక కుండీల్లో మొక్కలు ఎండిపోయాయి. వీధి మాత్రం శుభ్రంగా ఉంది. ఎంత శుభ్రంగా అంటే మనిషి జాడ లేనంత. ఇప్పుడు ట్యూషన్ పిల్లల కోసం తండ్రులు స్కూటర్లేసుకుని వెళుతున్నారు.

ఇవేమీ మా పిల్లకి చెప్పలేదు.

మర్నాడు రాత్రి ఇంకో సినిమా. 1935లో లండన్‌లో తీశారు, హౌసింగ్ ప్రాబ్లమ్స్ అని. స్టెప్నీ అనే పేటలో ఇరుకిళ్ళ జనం తమ కష్టాలు తామే చెప్పుకుంటారు. అప్పటి కెమెరాలూ, మాట పట్టే యంత్రాలూ ఇప్పటిలా అరచేతిలో ఇమిడేవి కావు. వాటిని ఆ కొంపల్లోకి మోసుకెళ్ళి, బీదవాళ్ళ నోటనే మాట్లాడించడం అప్పటికి కొత్త. వాళ్ళని బెరుకు పోగొట్టి మాట్లాడించడంలో రూబీ గ్రియర్సన్ అనే ఆవిడ చెయ్యి ఉంది. ఎలకల గురించీ, నల్లుల గురించీ వాళ్ళు చెబుతుంటే, ఏ దేశమైతేనేం, ఇల్లాలి బాధ ఒకటే అనిపించింది.

"బాగా తీశారే" అన్నాను.

"బాగానే తీశారు. దీనికి డబ్బు పెట్టింది ఎవరో తెలుసా? అక్కడి గ్యాస్ కంపెనీల సంఘం. పాత ఇళ్ళు పడగొట్టి కొత్తవి కడితే ఇంటింటికీ గ్యాస్ పొయ్యి అమ్ముకోవచ్చు కదా" అంది.

"అయితే అబద్ధమంటావా?"

"అబద్ధం కాదు పిన్నీ. ఆ ఎలకలు నిజం. కానీ కెమెరా ఎక్కడ పెట్టారో చూసినట్టే, ఎవరి తరఫున పెట్టారో కూడా చూడాలి."

మూడో రాత్రి బొంబాయి సినిమా. ఆనంద్ పట్వర్ధన్ 1985లో తీసిన హమారా షహర్. మన ఊరు అని అర్థం. పేవ్‌మెంట్ల మీదా, గుడిసెల్లోనూ ఉండేవాళ్ళని ఖాళీ చేయించడం గురించి. ఇళ్ళు కూల్చేవాళ్ళూ, అధికారులూ, బీదవాళ్ళ వల్ల ఊరు పాడైపోతోందనే పెద్ద మనుషులూ అందరూ అందులో ఉన్నారు. ఆ పెద్ద మనుషుల మాటలు వింటుంటే నాకు మా సెక్రటరీగారి కాగితం కళ్ళ ముందు కదిలింది.

అందులో ఒక చోట, గూడు పోయిన ఒకావిడ కెమెరా పట్టుకున్నవాళ్ళ మీదే తిరగబడుతుంది. మా ఫోటోలు తీసుకుపోయి మీరు పేరు తెచ్చుకుంటారు, మాకేం ఒరుగుతుందని నిలదీస్తుంది. ఆ సినిమా ఆ బీదవాళ్ళ పక్షాన తీసినదే. అయినా ఆవిడ అడిగింది. ఆయన ఆ తిట్లు కత్తిరించి పారెయ్యకుండా సినిమాలోనే ఉంచాడు. ఇంకొకరైతే ముందు ఆ ముక్కే తీసేసేవారు.

అదే ఏడు, 1985 జులైలో, బొంబాయి పేవ్‌మెంట్ల మీది మనుషుల కేసులో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. వాళ్ళని తరమబోతే ఓల్గా టెల్లిస్ అనే జర్నలిస్టు వేసిన కేసు. మనిషికి బతికే హక్కుందంటే బతుకుతెరువు హక్కు కూడా అందులో భాగమే అంది కోర్టు. పని ఎక్కడుంటే మనిషి అక్కడే తలదాచుకుంటాడు, చోటు పోతే పనీ పోతుంది. అలాగని పేవ్‌మెంటు మీద ఇల్లు కట్టుకోవడం ఎవరి హక్కూ కాదని కూడా అంది. తీసెయ్యాలంటే ముందు చెప్పాలి, వాళ్ళ మాట వినాలి అంది.

ముందు చెప్పాలి, మాట వినాలి. ఎంత చిన్న సంగతి! పన్నెండేళ్ళు రోజూ పలకరించిన మనిషికి నేను ఆ మాత్రం చెయ్యలేదు.

నాలుగో రోజున మా పిల్ల ఇస్త్రీ అబ్బాయిని పట్టుకుని ఆకుకూరలావిడ ఆచూకీ తెలుసుకుంది. మూడు వీధుల అవతల, ట్రాన్స్‌ఫార్మరు దగ్గర, చెట్టూ నీడా లేని చోట కూర్చుంటోందట. కెమెరా తీసుకుని బయల్దేరింది. గొడుగు పట్టుకుని నేనూ వెళ్ళాను. ఎందుకు వెళ్ళానో నాకే తెలీదు.

ఆవిడ చిక్కిపోయింది. ఎండకి ఆకు వాడిపోకుండా మాటిమాటికీ నీళ్ళు చిలకరిస్తోంది. మా పిల్ల సంగతంతా చెప్పి, తియ్యనా అని అడిగింది. ఆవిడ కాసేపు కెమెరాకేసి చూసి, "నా బొమ్మ తీసుకెళ్ళి ఏం చేసుకుంటావు పాపా? నీకు పేరొస్తది. నాకేమొస్తది? రేపు మళ్ళీ వ్యానొస్తే నీ కెమెరా ఆపుద్దా?" అంది.

ఆవిడ బొంబాయి సినిమా చూసింది కాదు. నలభై ఏళ్ళ క్రితం ఇంకో ఊళ్ళో ఇంకొకావిడ అడిగిన ప్రశ్నే అడిగింది. మా పిల్ల కెమెరా మూసేసి, "ఆపలేదు" అంది. అని అక్కడే నేల మీద కూర్చుండిపోయింది. వాళ్ళిద్దరూ చాలాసేపు మాట్లాడుకున్నారు. చివరికి ఆవిడే "సర్లే, తీసుకో" అంది.

వచ్చేస్తుంటే నాకేసి చూసి, "బాగున్నారా అమ్మగారూ? మీ వీధి ఇప్పుడు శుభ్రంగా ఉందంటగా?" అంది. ఎత్తిపొడుపు ఏమీ లేదు ఆ గొంతులో. ఉన్నా బాగుండేది.

ఆ రాత్రి మా పిల్ల చెప్పింది. "పిన్నీ, గంప పోయినవాళ్ళు కెమెరా ముందుకి వచ్చారు. ఆ కాగితం మీద సంతకాలు పెట్టినవాళ్ళు ఒక్కరూ రావడం లేదు. ఇంట్లో లేరంటారు, గుర్తు లేదంటారు."

"నేనూ పెట్టానే" అన్నాను.

"తెలుసు. కాగితం నకలు చూశాను. నువ్వు చెబుతావేమోనని ఆగాను" అంది. కాసేపు ఊరుకుని, "కెమెరా ముందు చెబుతావా?" అని అడిగింది.

చూడండి, అప్పుడు నా బుద్ధి ఎన్ని పోకలు పోయిందో! ముందు, చీర మార్చుకోవాలా అనుకున్నాను. తరవాత, కాలనీలో ఏమనుకుంటారు? అబ్బాయిలు చూస్తే? మొహం కనబడకుండా తియ్యొచ్చా? తీశాక నాకు చూపించి, నేను సరేనంటేనే ఉంచుతావా? ఇవన్నీ పైకే అడిగాను. మా పిల్ల ఓపిగ్గా విని, "ఇవి నువ్వు అడగాల్సిన ప్రశ్నలే పిన్నీ. ఆవిడని తీసేటప్పుడు ఇవన్నీ నేను అడిగానా అని ఆలోచిస్తున్నా" అంది.

ఇక్కడే నాకొక సంగతి తెలిసొచ్చింది. నగరాల మీద ఎన్ని సినిమాలు వచ్చినా కెమెరా ఎక్కువగా బీదవాళ్ళ మీదే ఎందుకు వాలుతుందంటే, వాళ్ళకి వేసుకోవడానికి తలుపు లేదు. మనకి తలుపుంది, గేటుంది, వాచ్‌మన్ ఉన్నాడు. వాళ్ళ కన్నీళ్ళు అందరికీ కనబడతాయి, మన సంతకాలు ఫైల్లో ఉంటాయి. అలాంటి సినిమా చూసి, కళ్ళు తుడుచుకుని, అయ్యో పాపం అనుకుని నిద్రపోతాం. పైగా అంత జాలిపడ్డందుకు మనం మంచివాళ్ళమని లోపల కాస్త సంతోషం కూడా. అసలు సినిమాలో మన పాత్ర ఏదో వెతుక్కోం.

మా వారు ఒప్పుకోలేదు. "ఊరన్నాక ఒక పద్ధతి ఉండాలా వద్దా? ప్రతివాళ్ళూ మలుపులో కూర్చుంటే రేపు అంబులెన్సు ఎలా వస్తుంది? రోడ్డు అందరిదీ" అన్నారు. ఆయన మాట కొట్టి పారెయ్యలేను. పద్ధతి ఉండాలి. కానీ ఆ అందరిలో ఆవిడ లేదా? 2014లో వచ్చిన వీధి వ్యాపారుల చట్టం చూపించింది మా పిల్ల. ఎవరు ఎక్కడ కూర్చోవాలో తేల్చే కమిటీలో నూటికి 40 మంది ఆ వ్యాపారులే ఉండాలట. వాళ్ళలో మూడోవంతు ఆడవాళ్ళు. అంటే చట్టం కూడా పద్ధతి వద్దనడం లేదు. గంప ఎక్కడ పెట్టాలో మాట్లాడేటప్పుడు గంప మనిషిని కూడా కూర్చోబెట్టుకోమంటోంది. నా తప్పు వీధి శుభ్రంగా ఉండాలనుకోవడం కాదు. తెలిసిన మనిషి గురించి, ఆవిడకి తెలియకుండా, ఆవిడ వెనకాల సంతకం పెట్టడం. మన చుట్టాల్లో ఎవరైనా మన గురించి అలా చేస్తే జన్మలో వాళ్ళ గుమ్మం తొక్కుతామా?

మర్నాడు వరండాలో, ఇంట్లో కట్టుకునే నేత చీరతోనే, కెమెరా ముందు కూర్చున్నాను. నాలుగు నిమిషాలు కూడా పట్టలేదు. సంతకం పెట్టాననీ, ఎందుకు పెట్టానో కూడా చెప్పాను. గుండె తేలికపడింది అంటే అబద్ధం. మొహం చెల్లక రెండు రోజులు బయటికి వెళ్ళలేదు.

నేను ఒప్పుకుంటే ఆవిడకి ఏమొచ్చింది? ఏమీ రాలేదు. "నాకేమొస్తది?" అన్న ప్రశ్న అలాగే ఉంది. సినిమా గంపని తిరిగి తేలేదు. మా పిల్ల కూడా ఆ మాటే అంటుంది. నాకు తోచిందేమిటంటే, చూడడం ఒక అప్పు. చూడనంత కాలం మనకేమీ బాకీ లేదు, నాకు తెలీదండీ అని తప్పించుకోవచ్చు. చూశాక ఆ మాట చెల్లదు. సినిమా తీసినవాళ్ళకీ, చూసినవాళ్ళకీ కూడా.

నా వంతు బాకీలో మొదటి కాణీగా, ఆ గట్టు మీది ఊచలు తీయించి, ఆవిడకి చెట్టు కింద చోటివ్వాలని సంఘానికి ఉత్తరం రాశాను. పధ్నాలుగు మందిలో ముగ్గురు సంతకాలు చేశారు. మిగతావాళ్ళు "చూద్దాం" అన్నారు. సెక్రటరీగారు "మీటింగులో పెడదాం" అన్నారు. ఊచలు ఇంకా అక్కడే ఉన్నాయి.

ఈలోగా నేను మూడు వీధులు నడిచి వెళ్ళి ట్రాన్స్‌ఫార్మరు దగ్గరే ఆకుకూరలు కొంటున్నాను. మొన్న ఆవిడ తన పీట నాకేసి తోసి, "ఎండలో నిలబడ్డారేం, కూచోండి" అంది. కూర్చోబోతూ దాన్ని ఓ అంగుళం ఇటు జరుపుకున్నాను. ఆవిడ చూసింది. ఏమీ అనలేదు, గోంగూర కట్టలు విప్పుకుంటూ కూర్చుంది.

ఆ ఉత్తరం సంగతి తేలేదాకా నేను ఊరుకోను. ఇకమీదట మాత్రం ఏ కాగితం వచ్చినా ముందు కుక్కరు దించుతాను. తరవాత కళ్ళజోడు పెట్టుకుంటాను. ఆ కాగితంలో ఎవరి సంగతి రాసి ఉందో ఆ మనిషి దగ్గరికి వెళ్ళి ఓసారి మాట్లాడి వస్తాను. అప్పటికీ పెట్టవలసిందే అనిపిస్తే, అప్పుడే సంతకం.